సుదర్శనానికి రాని చార్టులు

రేణిగుంట రోడ్డులో టైర్ల కొట్టు పక్కనున్న మేడ మీద కూర్చుని, సుదర్శనం రోజూ అమెరికా వాళ్ల రోగాలకు కోడ్లు వేసేవాడు. అదేం ఉద్యోగమని వీధిలో ఎవరైనా అడిగితే ఆయన ఒకటే మాట చెప్పేవాడు. "అక్కడ రోగి చార్టులో డాక్టరు రాసింది చదివి, ఆ జబ్బుకు పుస్తకంలో ఏ అంకెలూ అక్షరాలూ ఉన్నాయో అవి వేస్తాం. డాక్టరు రాయనిది మేము వేయకూడదు, రాసినది వదలకూడదు. అంతే." ఇదంతా శ్రద్ధగా విని, ఎదురింటి చంద్రకాంతమ్మ తన మోకాళ్ల నొప్పికి ఏదైనా మందు చెప్పమని అడిగేది.

అంతకు ముందు ఆయన ఒక ప్రైవేటు జూనియర్ కాలేజీలో జువాలజీ చెప్పేవాడు. కాలేజీ మూతపడ్డాక ఆయన్ని ఈ కంపెనీలోకి తీసుకొచ్చింది ఆయన దగ్గర చదువుకున్న జోయలే. జోయల్‌ది పూతలపట్టు పక్కన పల్లె. ఇప్పుడు అతను ఆ గదిలో అందరికీ టీమ్ లీడరు. పాఠం చెప్పినాయనకు పైవాడిగా ఉండటం అతనికి కొంచెం ఇబ్బందిగానే ఉండేది. అందుకని ఆయన చార్టులో తప్పు దొరికితే సీటు దగ్గర చెప్పకుండా, కింద బంకు దగ్గరికి టీకి పిలిచి చెప్పేవాడు. ఒకరికి ఒకలాగ, ఇంకొకరికి ఇంకోలాగ ఉండటం బాగుండదని తర్వాత అందరినీ అలాగే పిలవడం మొదలుపెట్టాడు. దాంతో జోయల్ టీకి పిలిచాడంటే ఏదో తప్పు దొరికినట్టేనని ఆఫీసంతా అనుకునేది.

సుదర్శనం భార్య పెరుందేవి పోయి ఎనిమిది నెలలైంది. చిత్తూరులో చెల్లెలింట్లో జారిపడి తుంటి విరగ్గొట్టుకుంది. లోపల లోహపు బంతి పెట్టారు. బాగానే నడిచింది. కొన్నాళ్లకు ఆ బంతి చుట్టూ సూక్ష్మజీవులు పట్టాయి. ఆ తర్వాత ఆసుపత్రికీ ఇంటికీ మధ్య తిరగడమే సరిపోయింది. చివరికి మనిషి దక్కలేదు. ఈ సంగతి ఆయన ఎవరికీ వివరంగా చెప్పలేదు. అడిగినవాళ్లతో "జ్వరం వచ్చింది" అనేవాడు. రోజూ ఇలాంటివే చదివి కోడ్లు వేసే మనిషి కాబట్టి, అది ఎంత చాలని మాటో ఆయనకు తెలుసు.

కర్మకాండలన్నీ ముగించుకుని ఆయన తిరిగి పనిలోకి వచ్చినప్పుడు ఎవరూ పెద్దగా పలకరించలేదు. కానీ చిన్న చిన్న మార్పులు జరిగాయి. కంపెనీ బస్సు డ్రైవరు మెయిన్ రోడ్డు మీద ఆగకుండా వీధి మొదట్లోకి వచ్చి ఆగడం మొదలుపెట్టాడు. భోజనాల గదిలో గుడ్డూ మాంసమూ తెచ్చుకున్నవాళ్లు, ఆయన అవి ముట్టడని, తమంతట తామే కిటికీ పక్క బల్లకు మారిపోయారు. కుళాయి దగ్గర ఆయన డబ్బా ఎవరో ఒకరు కడిగి బోర్లించేవారు. ఇవన్నీ సుదర్శనం గమనించాడు. కృతజ్ఞత చెబితే వాళ్లు సిగ్గుపడతారని ఊరుకున్నాడు.

ఇంకొక మార్పు కూడా ఆయన గమనించాడు, కాస్త ఆలస్యంగా. గుండె జబ్బుల చార్టులు వస్తున్నాయి, ఊపిరితిత్తులు వస్తున్నాయి, షుగరు చార్టులైతే లెక్కే లేదు. కానీ శరీరంలో అమర్చిన వాటికి, అంటే తుంటి బంతికో మోకాలి కీలుకో గుండె దగ్గర పెట్టే యంత్రానికో, సూక్ష్మజీవులు పట్టిన చార్టులు మాత్రం ఆయనకు రావడం లేదు. మునుపు ఆ రకంవి ఎక్కువగా ఆయనకే వచ్చేవి. ఆ గదిలో వాటిని బాగా ఎరిగినవాడు ఆయనే. పైనుంచి రావడమే తగ్గిందేమో అనుకున్నాడు. పోనీలే, దేవుడు ఈ మాత్రం చూశాడనుకుని ఆరా తీయలేదు.

ఆయన పక్క సీటు రెబెకాది. తడ దగ్గరి ఊరు. మాటల్లో అరవం కలుస్తుంది. రేణిగుంటలో హాస్టల్లో ఉంటుంది. చేరి ఏడాది కావస్తున్నా ఆమె ఉద్యోగం ఇంకా ఖాయం కాలేదు. ఒక సోమవారం మధ్యాహ్నం ఆమె డబ్బా ముందు పెట్టుకుని మూత తీయకుండా కూర్చుంది.

"ఆ మొకం సూడప్పా, ఇంటర్ తప్పినోళ్ల మాదిరి," అన్నాడు ఎదురుగా కూర్చున్న మునిశేఖర్.

"తప్పినట్టే అన్నా."

"ఆడిట్‌లో మళ్లీనా?"

ఆమె తల ఊపింది. సుదర్శనం చెయ్యి ఆపి అడిగాడు. "ఏ చార్టుల్లో తప్పులు పోతున్నాయమ్మా?"

"అన్నీ కలిసిండేవే సార్."

"అన్నీ అంటే?"

"ఎముకల పక్కవి," అని ఆమె డబ్బా మూత తీయడంలో పడింది. బల్ల చుట్టూ ఉన్నవాళ్లంతా ఎవరి అన్నం వాళ్లు చూసుకుంటున్నారు.

"సార్, మీ పుళియోదరై ఒక ముద్ద ఇట్ల పెట్టండి. మా ఇంట్లోది తింటే నాలిక సచ్చిపోతా ఉండాది," అన్నాడు మునిశేఖర్.

సుదర్శనం తన పులిహోర ఒక ముద్ద పెట్టాడు. ఇరవయ్యేళ్లు పాఠాలు చెప్పిన మనిషి. తరగతిలో ఏదో జరిగి, అది అందరికీ తెలిసి, ఎవరూ నోరు విప్పనప్పుడు గది ఎలా ఉంటుందో ఆయనకు బాగా తెలుసు. ఆ మధ్యాహ్నం ఆయనే జోయల్‌ని టీకి పిలిచాడు.

జోయల్ మెట్లు దిగుతూనే అడిగాడు. "ఏం సార్, తప్పు నాదా?"

"తెలీదు. నువ్వే చెప్పాల. రెబెకా ఏ చార్టుల్లో తప్పుతా ఉండాది?"

జోయల్ గ్లాసు అందుకుని చాలాసేపు ఊదాడు. "ఇంప్లాంట్ ఇన్ఫెక్షన్లు సార్."

"అవి నాకు గదా రావాల్సింది."

రోడ్డు మీద కంటెయినర్ లారీ ఒకటి పోతోంది. అది పోయేదాకా జోయల్ ఆగాడు. "మీకు వచ్చినాయి సార్. మేమే రానీలేదు."

తర్వాత మెల్లగా చెప్పాడు. సుదర్శనం తిరిగి చేరిన రోజున ఆయనకు వచ్చిన మొదటి చార్టే తుంటి బంతిది. ఆయన దాన్ని తెరిచి చూస్తూ కూర్చున్నాడు. కొంతసేపటికి స్క్రీన్ ఆరిపోయింది. మౌసు కదిపాడు, వెలిగింది. మళ్లీ ఆరిపోయింది. అట్లా ఎన్నోసార్లు జరిగింది. పక్క సీట్లో నుంచి రెబెకా చూసింది.

"ఆ పొద్దే నా కాడికి వచ్చినాది సార్. 'అన్నా, ఆ రకంవి సార్‌కి వద్దు, నా పేరు మింద ఎయ్యి' అన్నాది. నేను ఏసినా. ఆమెకు అవి సరిగ్గా రావని అప్పుడు నాకూ తెలీదు, ఆమెకూ తెలీదు."

"ఇన్నాళ్లూ నాకు ఒక మాట చెప్పలేదే."

"మీరు అడగలేదు సార్. సావింటికి పోయినోళ్లం వచ్చేటప్పుడు పోయొస్తామని సెప్పం గదా, ఉత్తగా లేసి వచ్చేస్తాం. ఇదీ అట్లాంటిదే అనుకున్నాం."

సుదర్శనం తన గ్లాసు బంకు మీద పెట్టాడు. తర్వాత అడిగాడు. "ఇప్పుడు ఆమె సంగతేంటి?"

"శుక్రవారం మేనేజరు కడాపటి పరీక్ష పెడతానన్నాడు. అచ్చంగా ఈ రకం చార్టులే. పాసయితే కన్ఫర్మ్, లేదంటే ఇంటికి. ఇంక మాట్లాడేదానికి నా సేతిలో ఏం లేదు సార్."

"అవి నాకు మార్చప్పా."

"మామూలువి ఈ వారంలోనే మారుస్తా. పరీక్షవి మార్చేదానికి కుదరదు. మీకు మార్చినా ఆమె గట్టెక్కదు సార్, ఆమెకు రావాల గదా."

"ఎవురన్నా కూర్చోబెట్టి నేర్పించుంటే వచ్చుండేది."

జోయల్ ఖాళీ గ్లాసును చేతిలో తిప్పుతూ నిలబడ్డాడు. ఆ చార్టుల్లో చిక్కు వస్తే తను కూడా ఎవరి దగ్గరికి వచ్చేవాడో అతనికి తెలుసు, సుదర్శనానికీ తెలుసు. నేర్పమని ఎవరూ తనని అడగకపోవడం కూడా ఆ దయలో భాగమేనని ఆయనకు అప్పుడు అర్థమైంది.

సాయంత్రం బస్సులో ఆయనకు మొదట కొంచెం చిరాకు వేసింది. తననొక రోగిలా చూశారు. తన గదిలో, తన పక్కన, తనకు తెలియకుండా ఒక ఏర్పాటు నడిచింది. బస్సు వీధి మొదట్లోకి వచ్చి ఆగేసరికి ఆ చిరాకు తగ్గింది. ఇన్నాళ్లూ తను నీడన కూర్చున్నాడు. ఆ నీడ ఎక్కడిదని తల పైకెత్తి చూడలేదు. పక్క సీట్లో పిల్ల ఎండలో నిలబడి ఉంది.

మర్నాడు పని అయ్యాక ఆయన రెబెకాని శిక్షణ గదికి పిలిచాడు. బయట ఇంకా ఎండ తగ్గలేదు. ఆమె గుమ్మం దగ్గరే ఆగిపోయింది.

"జోయలన్న సెప్పేసినాడా సార్?"

"చెప్పినాడు. కూర్చో."

"మీకు అవి వద్దు సార్. నేనే పుస్తకం సదువుకుంటా."

"పుస్తకం చదివే తప్పుతా ఉండావు గదమ్మా. కూర్చో."

ఆమె కూర్చుంది. ఆయన శిక్షణకని పెట్టిన పాత చార్టు ఒకటి తెరిచాడు. ఎవరో మగాయన, మోకాలి కీలు మార్పించుకున్నాడు, తర్వాత దానికి ఇన్ఫెక్షన్ వచ్చింది. రెబెకా అంకెలన్నీ సరిగ్గా వేసింది. చివరి స్థానంలో రావాల్సిన అక్షరం దగ్గర 'డీ' వేసింది.

ఆ చివరి అక్షరం దగ్గరే ఆమె ప్రతిసారీ పడిపోతోంది. జబ్బుకు వైద్యం నడుస్తుంటే అక్కడ 'ఏ' వేయాలి. వైద్యం ముగిసి, మానుతున్నది చూపించుకోవడానికి వస్తే 'డీ'. జబ్బు పోయినా అది మిగిల్చిన బాధకైతే 'ఎస్'. సుదర్శనం ఇదంతా నిదానంగా చెప్పాడు.

"అది తెలుసు సార్," అంది రెబెకా. "ఈయనకి మోకాలు మార్చి శానా నాళ్లయింది. అప్పుడు ఏ. ఇప్పుడు దాని గురించే మళ్లీ వచ్చినాడు. మళ్లీ వచ్చినోళ్లకి డీ గదా?"

ఆయన ఇంకోలా చెప్పాడు. తర్వాత బోర్డు మీద గీసి చెప్పాడు. ఆమె తల ఊపింది. ఆ ఊపులో ఏమీ అర్థం కాలేదని ఆయనకు తెలిసిపోయింది. అట్లాంటి తలలను ఆయన చాలా చూశాడు. బోర్డు తుడిచి, వచ్చి కుర్చీలో కూర్చున్నాడు.

"మా ఇంట్లో ఆమె సంగతి చెప్తాను. విను."

"అదంతా వద్దు సార్."

"ఊరికే వినమనలేదు. నేను చెప్తా పోతాను, నువ్వు కోడ్ వెయ్యాల. చిత్తూరులో జారిపడింది. తుంటి విరిగింది. ఆపరేషన్ చేసి బంతి పెట్టినారు. ఏం వేస్తావు?"

రెబెకా బల్లనే చూస్తూ చెప్పింది. "ఎముక విరిగిన కోడ్ సార్. కడాన ఏ."

"కుట్లు విప్పించేదానికి పోయినాం. బాగుండాది, మళ్లీ చూపించండి అన్నారు."

"డీ."

"అంతే. నడిచింది. తిరుచానూరుకు బస్సులో పోయి వచ్చింది, నేను వద్దంటే కూడా వినకుండా. తర్వాత ఒక పొద్దున చూస్తే చీరకు తడి తగిలి ఉండాది. కుట్టు కాడ చీము. మళ్లీ చిత్తూరు పోయినాం. అదే ఆసుపత్రి, అదే డాక్టరు, అదే తుంటి. బంతికి ఇన్ఫెక్షన్ అని రాసినాడు. ఇప్పుడు చెప్పు."

రెబెకా తెర మీది మోకాలి చార్టును ఒకసారి చూసి, మళ్లీ బల్ల వైపు తిరిగింది. 

"తుంటి అదే గానీ సార్," అంది చివరికి, "జబ్బు అది కాదు. ఇది వేరే."

"ఎప్పుడు మొదలైంది ఇది?"

"ఇప్పుడే."

"అయితే?"

"ఏ."

"ఊఁ. పుండు తెరిచి కడిగినారు. తర్వాత వారం వారం పోయినాం. సూది మందు ఎక్కించేవాళ్లు. జ్వరం దిగేది, ఎక్కేది. ఆమెకు బస్సులో కిటికీ పక్కన కూర్చుంటేనే తోచేది. ఒకసారి బంతి తీసేసి, మందు కలిపిన సిమెంటు ముద్ద పెట్టినారు. మళ్లీ సూదులు. పోయిన ప్రతిసారీ ఏం వేస్తావు?"

"ఏనే సార్."

"ఎందుకు? మళ్లీ మళ్లీ పోయినాం గదా?"

"ఎన్నిసార్లు పోయినామని కాదు సార్. వైద్యం ఇంకా జరగతానే ఉండాది గదా," అంది రెబెకా. ఆమె ముఖంలో ఏదో విడిపోయింది. ఆ ఊపులోనే అడిగేసింది. "మరి ఆమెకు డీ ఎప్పుడు సార్?"

అడిగాక ఆమెకు తెలిసింది. సుదర్శనం మౌసు తీగ మెలికపడి ఉంటే దాన్ని సరిచేశాడు.

"మందులు ఆపేసి, ఊరికే చూపించుకునేదానికి పోయుంటే డీ. మాకు అది రాలేదమ్మా."

రెబెకా అయ్యో సార్ అనలేదు, కళ్లు తుడుచుకోలేదు. కీబోర్డు తన వైపు లాక్కుని, ఆ మోకాలి చార్టులో డీ తీసేసి ఏ వేసింది. "తరవాతది ఇవ్వండి సార్," అంది. ఇన్నాళ్లలో తనకు ఎవరు చేసిన మేలులోనూ ఇంత నెమ్మది దొరకలేదని సుదర్శనానికి అనిపించింది. తర్వాతది తెరిచి ఇచ్చాడు.

గురువారం దాకా రోజూ కూర్చున్నారు. ఏ వేయడం ఆమెకు వచ్చేసింది. ఎంతగా వచ్చిందంటే అన్నిటికీ ఏ వేయబోయేది. ఆయన ఆపి, డాక్టరు చివర ఏం రాశాడో చదవమనేవాడు. ఏ సూక్ష్మజీవి పట్టిందో తేలితే దానికి ఇంకో కోడ్ వేయాలనేది ఆమె ఇంకా మరిచిపోతూనే ఉంది.

"పరీక్షలో మరిచిపోతే?" అని అడిగింది.

"మరిచిపోతే ఒకటి పోతుంది. అక్షరం తప్పితే అన్నీ పోతాయి. నువ్వు అక్షరం చూసుకో."

జోయల్ మాట ప్రకారం మామూలు చార్టులు మార్చాడు. శుక్రవారం పొద్దున సుదర్శనానికి వచ్చిన మొదటిది ఒక ముసలాయన తుంటి. లోపలి గదిలో రెబెకా పరీక్ష రాస్తోంది. ఆయన తన చార్టును పైనుంచి కిందికి చదివాడు. ఒకచోట 'సన్నగా స్రావం' అని ఉంటే అక్కడ కొంచెంసేపు ఆగాడు. స్క్రీన్ ఆరిపోకముందే కిందికి జరిపాడు. కోడ్లు వేసి పంపాడు. తర్వాత షుగరు చార్టు వచ్చింది.

పరీక్ష ముగించి రెబెకా తన సీటుకు వచ్చేసింది. పదకొండు దాటాక జోయల్ లోపలి గదిలోంచి వచ్చాడు. అందరూ చూస్తుండగా రెబెకా సీటు దగ్గర ఆగి, "దా, టీ తాగొస్తాం," అన్నాడు.

గదిలో కీబోర్డుల చప్పుడు ఆగిపోయింది. రెబెకా లేచి, కుర్చీకి తగిలించిన చున్నీ తీసుకుని, ఎవరినీ చూడకుండా మెట్లు దిగింది. మునిశేఖర్ సుదర్శనం దగ్గరికి వచ్చి నిలబడ్డాడు. "పాయె సార్. టీ అన్నాడంటే పాయె." సుదర్శనం ఆమె బల్ల మీది నీళ్ల సీసాను చూస్తూ ఉండిపోయాడు. దాని మీద ఆమె పేరు స్కెచ్ పెన్నుతో రాసి ఉంది.

వాళ్లు తిరిగి వచ్చేసరికి జోయల్ చేతిలో కాగితం పొట్లం ఉంది. దాంట్లో మిరపకాయ బజ్జీలు.

"ఒకటి తప్పినాది," అన్నాడు అందరికీ వినబడేలా. "సూక్ష్మజీవి కోడ్ మరిచిపోయినాది. మిగిలినవన్నీ సరిపోయినాయి. మేనేజరు కన్ఫర్మ్ అన్నాడు."

"అయితే టీకి ఎందుకు పిలిచినావబ్బా, మా పేణాలు తీసేదానికి కాకపోతే," అన్నాడు మునిశేఖర్.

"తప్పు ఉండాది గదా. తప్పుంటే టీ. అందురికీ ఒకటే రూలు."

బజ్జీలు క్షణంలో అయిపోయాయి. రెబెకా తన సీట్లో కూర్చుని, పక్కకు తిరిగి సుదర్శనాన్ని చూసింది. ఆయన తల ఊపాడు. అప్పటికి ఇద్దరికీ అది చాలింది, పని ఉంది.

మధ్యాహ్నం భోజనాల గదిలో ఆమె డబ్బా పట్టుకుని ఆయన బల్ల దగ్గరికి వచ్చింది.

"సార్, పరీక్షలో ఒకామెకి డీ ఏసినాను."

సుదర్శనం తలెత్తాడు. "సరిగ్గా చదివినావా?"

"రెండు మార్లు సదివినాను సార్. తుంటి బంతే. శానా నాళ్లు సూదులు ఏసినారు, అన్నిటికీ ఏ ఏసినా. కడాపటి దాంట్లో మందులు ఆపేసి నెలలయింది, పుండు లేదు, నొప్పి లేదు, ఊరికే సూపించుకునేదానికి వచ్చినాది అని రాసినాడు డాక్టరు. అది సరే అన్నారు."

"సరే మరి."

"ఇంట్లో కోళ్లకు మేత ఆమే ఏసుకుంటా ఉండాదంట సార్."

"అది కూడా రాసినాడా డాక్టరు?"

"రాసినాడు. దానికి కోడ్ లేదు."

"ఉండదు," అన్నాడు సుదర్శనం. ఏ ఊరో, ఏ పేరో వాళ్లకు తెలియదు, తెలియకూడదు కూడా. కోళ్లు మాత్రం ఆయనకు కాసేపు కనబడ్డాయి. డబ్బా మూత తీసి, పుళియోదరైని బల్ల మధ్యకు జరిపాడు.

రెబెకా కిటికీ పక్క బల్ల వైపు కదిలింది.

"ఈడనే కూర్చోమ్మా," అన్నాడాయన.

"గుడ్డు ఉండాది సార్."

"ఉండనీ," అని ఆయన పక్క కుర్చీ వెనక్కి లాగాడు.